ఫైనల్లో ఎత్తిన జెండా

మా బస్సు డిపో గేటు పక్కన ఒక చిన్న గది ఉంటుంది. బయటికి వెళ్లే బస్సయినా, లోపలికి వచ్చే బస్సయినా దాని కిటికీ ముందు ఆగాల్సిందే. లోపల గోడకు ఒక గడియారం, బల్ల మీద ఒక పెద్ద రిజిస్టరు, దాని వెనక ఒక మనిషి. ఏ బస్సు ఎన్నింటికి వెళ్లింది, ఎన్నింటికి వచ్చింది, నిమిషాలతో సహా రాయడమే ఆ మనిషి పని. నేను కండక్టరుగా చేసిన ఇరవై రెండేళ్లలో పద్దెనిమిదేళ్లు ఆ కుర్చీలో కూర్చున్నది ఒక్కరే. జీతాల కాగితం మీద ఆమెకు పేరుంది, హోదా ఉంది. మేమంతా మాత్రం జెండా అక్క అనేవాళ్లం. నాకంటే మూడేళ్లు చిన్నది. అయినా ఆ కిటికీ ముందు నిలబడితే నా నోటికీ అక్కా అనే వచ్చేది.

"అక్కా, రెండు నిమిషాలే కదా. చూసీ చూడనట్టు పోనీ" అని డ్రైవర్లు బతిమాలేవారు.

"రెండు నిమిషాలే అయితే రాసినా నీకేం కాదులే" అని రాసేసేది.

ఒకసారి డిపో మేనేజరు ఎక్కిన బస్సే ఆలస్యంగా వచ్చింది. ఆయన కిటికీలోంచి తల బయటపెట్టి పలకరింపుగా నవ్వాడు. ఆమె కూడా చక్కగా నవ్వి, బాగున్నారా అని అడిగి, పదకొండు నిమిషాలు లేటని రాసింది. ఆ సంగతి చెప్పుకుని మేం వారం రోజులు నవ్వుకున్నాం.

జెండా అక్క అన్న పేరు డిపోలో పుట్టింది కాదు, ఫుట్‌బాల్ మైదానంలో పుట్టింది. సెలవు రోజుల్లో ఆమె క్లబ్బు మ్యాచులకు లైన్ రిఫరీగా వెళ్లేది. ఆట తెలియనివాళ్లకు ఒక్క ముక్క చెప్పాలి. తనవాడు బంతిని ముందుకు తన్నిన క్షణాన, గోలు వైపు పరిగెత్తే ఆటగాడు అవతలి జట్టు చివరి డిఫెండర్‌ని దాటి ఉండకూడదు. సమానంగా ఉంటే ఫర్వాలేదు. దాటి ఉంటే ఆఫ్‌సైడ్, గోలు కొట్టినా చెల్లదు. దాన్ని పట్టుకోవాల్సింది పక్క గీత వెంట జెండా పట్టుకుని పరిగెత్తే లైన్ రిఫరీ. ఒక కన్ను బంతి తన్నేవాడి కాలి మీద ఉండాలి, ఇంకో కన్ను ముప్పై గజాల అవతల డిఫెండర్ భుజం మీద ఉండాలి. అలాంటి కళ్లు దేవుడు ఎవరికీ ఇచ్చినట్టు లేదు. అయినా ఎవరో ఒకరు ఆ పని చెయ్యాలి.

ఆమె ఇందులోకి దిగడం కూడా తమాషాగానే జరిగింది. ఆమే, నేనూ పుట్టి పెరిగింది బట్టల మిల్లు వెనక వీధుల్లో. వీపుకి వీపు ఆనించుకున్నట్టుండే వరస ఇళ్లు, మిల్లు కూతకు లేచి మిల్లు కూతకు పడుకునే జనం. వాళ్ల అన్న మిల్లు జట్టులో ఆడేవాడు. ఆమెకు పంతొమ్మిదేళ్లప్పుడు ఒక మ్యాచుకి లైన్ రిఫరీ రాలేదు. అన్న ఆట చూడ్డానికి వచ్చిన చెల్లెలి చేతికి ఎవరో ఒక చేతిరుమాలు ఇచ్చి, గీత దగ్గర నిలబడమన్నారు. రూల్సు ఆమెకు కంఠతా వచ్చని వీధిలో అందరికీ తెలుసు. పావుగంట తిరక్కుండా అన్న గోలు కొట్టాడు. చెల్లెలు చేతిరుమాలు ఎత్తింది. గోలు పోయింది. అన్న రెండు రోజులు మాట్లాడలేదు. మూడో రోజు భోజనం దగ్గర, "నేను ముందే ఉన్నాను. దానికి కనబడింది" అన్నాడట. ఆ తర్వాత ఎక్కడ వాదన వచ్చినా, "సొంత అన్న గోలునే వదల్లేదు, నీదొక లెక్కా" అనడం మా వైపు మామూలైపోయింది. ఆ పేరే ఇరవై రెండేళ్లపాటు ఆమె వెంట నడిచింది. ఆమెకూ ఆ పేరంటే ఇష్టమే. ఎందుకుండదు?

నేను చెప్పబోయే ఏడాది, ప్రాంతీయ క్లబ్బుల ఛాంపియన్‌షిప్ ఫైనల్‌కి మా మిల్లు జట్టు వచ్చింది. అలా రావడం పంతొమ్మిదేళ్ల తర్వాత. అవతల రేవు జట్టు. అప్పటికే నాలుగుసార్లు కప్పు గెలిచినవాళ్లు. మాకున్నది ఒకే ఒక్క ఆశ, మా ఫార్వర్డ్. మిల్లులో మగ్గాలు బాగుచేసే ఫిట్టరు. గుమ్మం దాటాలంటే తల వంచాల్సినంత ఎత్తు. అందరూ అతన్ని పిలిచేది పొడుగు అనే. అప్పటికి ముప్పై అయిదేళ్లు, కుడి మోకాలు అరిగిపోయింది, ఈ ఫైనల్‌తో ఆట మానేస్తానని ముందే చెప్పేశాడు. అతని ఆటలో ఒకే ఒక్క లోపం, తొందర. పాస్ రాకముందే కాలు ముందుకు పడేది. మా కోచ్ పెద్దాయన, మిల్లులో రిటైరైన మేస్త్రీ, పదిహేనేళ్లుగా ఆ ఒక్క అడుగు గురించే అరిచి అరిచి గొంతు పోగొట్టుకున్నాడు.

ఫైనల్ రోజు పొద్దున ఒక లైన్ రిఫరీ మెట్ల మీంచి జారి కాలు బెణికించుకున్నాడు. ఫుట్‌బాల్ సంఘం కార్యదర్శి జెండా అక్కకు ఫోన్ చేశాడు.

"మీది మిల్లు వైపు కదమ్మా. ఇబ్బందేం లేదు కదా?"

"నా మీద ఎవరికైనా అనుమానముందాండీ?"

"అబ్బే. రేవు వాళ్లని అడిగే మీకు చేస్తున్నా. ఆమె అయితే మాకు అభ్యంతరం లేదు, సొంత అన్న గోలే కొట్టేయించిన మనిషి అన్నారు."

ఆ మాట విన్నాక తనకు ఒళ్లంతా తేలికైపోయిందని తర్వాత నాతో చెప్పింది. నల్ల చొక్కా తనే ఇస్త్రీ చేసుకుని, బూట్లు తుడుచుకుని, నది అవతల ఉన్న పెద్ద మైదానానికి బస్సెక్కి వెళ్లింది.

నేనూ వెళ్లాను. ఆ రోజు మిల్లు వీధుల్లో ఇళ్లకు తాళాలు పడ్డాయి. సిమెంటు మెట్ల మీద ఒకళ్ల మోకాళ్లు ఒకళ్ల వీపుల్లో గుచ్చుకునేట్టు కూర్చున్నాం. మొదటి సగంలో గోలు లేదు. రెండో సగం మధ్యలో రేవు వాళ్లకు కార్నర్ దొరికింది. మా కీపర్ పిడికిలితో గుద్దిన బంతి వాళ్లలో ఎవడి మోకాలికో తగిలి లోపలికి దొర్లింది. చూడ్డానికి కూడా బాగాలేని గోలు. దాని తర్వాత మావాళ్లు అలుపు మరిచిపోయి ఆడారు. ఇంక మూడు నిమిషాలు ఉన్నాయనగా మైదానం నడుమ నుంచి మా కుర్రాడొకడు ఇద్దరు డిఫెండర్ల సందులోంచి బంతి పంపాడు. ఆ సందులోంచే పొడుగు దూసుకుపోయాడు. కీపర్ ముందుకొచ్చాడు. బంతి అతని చంక కిందుగా పోయి వలకి తగిలింది.

మా మెట్లన్నీ ఒక్కసారిగా లేచాయి. పక్కన ఎవరో తెలియని మనిషిని నేను కౌగిలించుకున్నాను. అతని భుజం మీంచే చూశాను, పక్క గీత దగ్గర జెండా నిటారుగా పైకి లేచి ఉంది.

రిఫరీ ఈల వేసి గోలు చెల్లదన్నాడు. మా జట్టంతా జెండా అక్క చుట్టూ మూగింది. పొడుగు మాత్రం రాలేదు. ఉన్నచోటే నిలబడి జెండా వంక చూశాడు. నడుం మీద చేతులు పెట్టుకున్నాడు. తల దించుకుని వెనక్కి నడిచాడు. ఆట అయిపోయింది. రేవు జట్టు ఒక్క గోలుతో కప్పు ఎత్తుకుపోయింది. ఆ సాయంత్రం నేను ఆ మెట్ల మీంచి ఏమని అరిచానో ఇక్కడ రాయను.

మర్నాటి నుంచి డిపోలో ఆమెతో మాటలు తగ్గిపోయాయి. మిల్లు వైపు డ్రైవర్లు టైము చెప్పి ముఖం తిప్పుకునేవారు. ఒకడు, "అక్కా, నా బస్సు గీత దాటిందేమో చూసి చెప్పు" అనేవాడు రోజూ. వీధి పంపు దగ్గర ఆడవాళ్లు ఆమె రాగానే బిందెలు ఎత్తుకునేవారు. ఆమె ఏదీ పట్టించుకోలేదు. "తప్పు చేస్తే తల దించుకోవాలి. చెయ్యని దానికి నేనెందుకు దించుకుంటాను?" అంది నాతో ఒకసారి. అప్పట్లో నేనూ ఆమె గదిలో టీ తాగడం మానేసినవాణ్ణే.

నిజానికి మా వీధుల్లో అందరూ ఆమెనే అనలేదు. సగం మంది, "ఆమె ఊరికే ఎత్తే మనిషి కాదు. పొడుగు తొందర మనకు తెలియనిదా? లేకపోతే వాడెందుకు నోరు మెదపలేదు?" అన్నారు. ఇళ్లలో తండ్రీ కొడుకులు ఆ గోలు గురించి వాదించుకున్నారు. నాలుగు నెలలకు వాదనలు చల్లబడ్డాయి. మిల్లు కొత్త షిఫ్టుల గొడవలో పడి జనం ఫైనల్ని మెల్లగా మరిచిపోసాగారు.

సరిగ్గా అప్పుడే ఫొటో స్టూడియో బాబాయ్ డిపో కిటికీ దగ్గరికి వచ్చాడు. సంఘం ఏటా వేసే పుస్తకానికి ఫైనల్ ఫొటోలు ఏరుతున్నాడట. మధ్యాహ్నం మూడు, బస్సులు పల్చగా ఉండే వేళ. ఒక కవరు కిటికీలోంచి లోపలికి తోసి, "తీరిగ్గా చూడమ్మా. ఇంకెవరికీ చూపించలేదు. ఉంచుకుంటావో చింపేస్తావో నీ ఇష్టం" అని వెళ్లిపోయాడు.

కాసేపటికి నా బస్సు గేటు దగ్గరికి వచ్చింది. డ్రైవరు హారన్ కొట్టాడు. ఆమె తలెత్తలేదు. రెండోసారి కొట్టాడు. నేను దిగి కిటికీ దగ్గరికి వెళ్లి, "అక్కా, మూడు ఇరవై" అన్నాను. ఆమె నా వైపు చూసింది గానీ నన్ను చూసినట్టు అనిపించలేదు. ఆ రోజు రిజిస్టర్లో రెండు గళ్లు ఖాళీగా మిగిలాయి. పద్దెనిమిదేళ్లలో అవే రెండు.

ఆ ఫొటోని తర్వాత నేనూ చూశాను. ఎడం చివర మా కుర్రాడి బూటు బంతికి తగిలి ఉంది. మధ్యలో పొడుగు, పరిగెత్తడానికి ముందుకు వంగి ఉన్నాడు. అతనికి అటూ ఇటూ ఉన్న డిఫెండర్లిద్దరూ ముందుకు జరిగిపోయారు. వాళ్లతో పోలిస్తే పొడుగు దాటినట్టే. కానీ మైదానానికి అవతలి అంచున రేవు జట్టు ఎర్ర చొక్కా మూడోది ఒకటుంది. అతను అందరికంటే వెనకబడ్డాడు. పొడుగు కంటే రెండడుగులు గోలుకి దగ్గరగా ఉన్నాడు. అంటే ఆ గోలు నిఖార్సయిన గోలు.

ఆ రోజు సాయంత్రం ఇంట్లో జరిగింది ఆమె నాతో చెప్పింది. వాళ్లాయన ఎలక్ట్రీషియన్. వంటింటి బల్ల మీద ఫ్యాను మోటారు విప్పుకుని రాగి తీగ చుడుతున్నాడు. ఆమె ఫొటో తెచ్చి తీగ పక్కన పెట్టింది. ఆయన చూశాడు. చుట్టడం ఆపకుండానే, "అవతలి మూల నుంచి కనబడకపోయి ఉంటుంది. పొరపాటు ఎవరికైనా జరుగుతుంది" అన్నాడు.

"కనబడ్డాడు."

ఆయన చెయ్యి ఆగింది.

"పూర్తిగా కాదు. కంటి చివర ఎర్రగా ఏదో ఉందని తెలిసింది. అనుమానం వస్తే ఎత్తకూడదని కొత్త రిఫరీలకు నేనే పాఠం చెబుతాను. అయినా ఎత్తాను."

"ఎందుకని?"

"నాకు ఆ క్షణాన ఆట కనిపించలేదు. నేను కనిపించాను. మనవాళ్లు గోలు కొడితే జెండా ఎత్తకుండా నిలబడ్డ నేను. రేవు వాళ్లంతా నన్ను చూసి, చూశారా తన వీధి అనగానే వదిలేసింది అంటున్నట్టు. ఆ మాట పడలేక చెయ్యి లేచిపోయింది. రేవు జట్టే ఆ గోలు కొట్టి ఉంటే నేను ఎత్తేదాన్ని కాదు."

ఆయన తీగ చివర జారిపోకుండా ముడి వేసి, "రేపు వాళ్లింటికి వెళ్తావు కదా. నన్నూ రమ్మంటావా?" అన్నాడు. ఎవరింటికని ఆమె అడగలేదు. వద్దంది.

అయితే ముందు ఆమె సంఘం ఆఫీసుకి వెళ్లింది. ఏ పనైనా పద్ధతి ప్రకారం చేసే మనిషి కదా. సామాన్ల కొట్టు పైన ఒకటే గది, గోడ నిండా అద్దాల బీరువాలు, వాటిలో రంగు మాసిన కప్పులు. కార్యదర్శి ఫొటో చూసి కళ్లద్దాలు తీసి బల్ల మీద పెట్టాడు.

"ఫలితం మారదమ్మా. నాలుగు నెలలైంది. ఇప్పుడిది బయటపెడితే ఎవరికి లాభం? మీకా, మాకా?"

"ఫలితం మార్చమనడం లేదండీ. నేను తప్పు చేశానని రాసిచ్చాను. తీసుకోండి."

"ఇవ్వండి, ఫైల్లో పెడతాను."

"అందినట్టు స్టాంపు వేసివ్వండి."

ఆయన తల పట్టుకుని స్టాంపు వేశాడు.

ఆదివారం పొద్దున పది గంటలకు పొడుగు ఇంటి తలుపు కొట్టింది. తలుపు తీసింది వాళ్లమ్మ. ఉతికి ఆరిన బట్టలు మంచం మీద గుట్టగా పోసుకుని మడతలు పెడుతోంది. లోపలికి రమ్మనలేదు, పొమ్మనలేదు. పక్కకు జరిగింది. పొడుగు మోకాలికి పట్టీ చుట్టుకుంటూ కుర్చీలో కూర్చుని ఉన్నాడు. ఆమెను చూసి లేవబోయాడు.

"కూర్చో తమ్ముడూ. ఇది చూడు" అని ఫొటో చేతికిచ్చింది.

అతను చూశాడు. ఏం చూడాలో వెంటనే అర్థం కాలేదు. ఆమె అవతలి అంచున ఉన్న ఎర్ర చొక్కా మీద వేలు పెట్టింది. "వీడు నీకంటే వెనక ఉన్నాడు. నువ్వు ఆఫ్‌సైడ్ కాదు. నేను తప్పుగా ఎత్తాను."

పొడుగు ఆ వేలి వంకే చూస్తూ ఉండిపోయాడు. అరుస్తాడనుకుంది. తిడతాడనుకుంది. అన్నిటికీ సిద్ధపడే వచ్చింది. కానీ అతను మెల్లగా, "నేను ముందున్నాననే అనుకున్నానక్కా" అన్నాడు.

"అదేమిటి?"

"వేరే ఎవరైనా ఎత్తి ఉంటే పోట్లాడేవాణ్ణే. తిరిగి చూస్తే జెండా నీ చేతిలో ఉంది. అక్క ఎత్తిందంటే నేను మళ్లీ తొందరపడ్డట్టే అనుకున్నాను. పదిహేనేళ్ల నుంచి పెద్దాయన చెబుతున్నదే చివరి మ్యాచులో కూడా చేశాననుకున్నాను."

అప్పుడు వాళ్లమ్మ మడత పెడుతున్న దుప్పటి పక్కన పడేసింది. "నాలుగు నెలలుగా వీడు వంటింట్లో ఏం చేస్తున్నాడో తెలుసా? గచ్చు పలకల మీద నిలబడతాడు. ఒక పలక డిఫెండరట, ఒక పలక వీడట. బంతి వచ్చిందనుకుని కాలు ముందుకు వేస్తాడు, వెనక్కి తీస్తాడు. మళ్లీ వేస్తాడు. పొయ్యి దగ్గరికి పోవడానికి నాకు దారుండదు. మిల్లు క్యాంటీన్లో జట్టువాళ్ల బల్ల దగ్గర కూర్చోడు. ఆ రోజు పెద్దాయన అందరి ముందూ అన్నాడు కదా, నీ తొందరే మమ్మల్ని ముంచిందని."

జెండా అక్క మంచం పట్టె మీద కూర్చుండిపోయింది. తన వల్ల ఒక జట్టుకు కప్పు పోయిందని నాలుగు రోజులుగా కుమిలిపోతోంది. తన మంచి పేరే ఒక మనిషిని ఇలా కూర్చోబెట్టిందని కలలో కూడా అనుకోలేదు.

"నాలుగు నెలలక్కా" అన్నాడు పొడుగు. గొంతు మొదటిసారి గట్టిపడింది. ఫొటో కుర్చీలో పెట్టి, కుంటుకుంటూ పెరట్లోకి వెళ్లిపోయాడు. కుళాయి తిప్పిన చప్పుడు వినిపించింది. చాలాసేపు ఆగలేదు.

వాళ్లమ్మ ఆమె ముఖంలోకి సూటిగా చూసింది. "నువ్వు చెప్పకపోతే ఎవరికీ తెలిసేది కాదు కదా."

"తెలిసేది కాదు."

"మరెందుకొచ్చావు? నీ గుండె బరువు దించుకోడానికా?"

"అదీ కొంత ఉందత్తా" అంది జెండా అక్క. అబద్ధం చెప్పడానికి ఆ ఇంట్లో ఆమెకు నోరు రాలేదు.

ఆ జవాబు ముసలామెకు నచ్చిందో లేదో తెలియదు. దుప్పటి ఒక అంచు ఆమె చేతికి అందించింది. ఇద్దరూ రెండు వైపులా పట్టుకుని మడిచారు. తర్వాత ఇంకొకటి. పొడుగు ముఖం కడుక్కుని వచ్చేసరికి సగం గుట్ట అయిపోయింది.

"నాకు చెబితే ఏం లాభమక్కా? వాళ్లకి చెప్పు" అన్నాడతను.

మంగళవారం సాయంత్రం ప్రాక్టీసు అయ్యాక ఆమె మిల్లు క్లబ్బుకి వెళ్లింది. పొడుగు కూడా వచ్చాడు, నాలుగు నెలల తర్వాత. నేను తలుపు దగ్గర నిలబడ్డాను, రమ్మని ఆమే అడిగింది. తడి మట్టి, నొప్పుల నూనె కలిసిన వాసన. గోడల పొడవునా బెంచీల మీద పదహారు మంది బూట్ల తాళ్లు విప్పుకుంటున్నారు. ఆమెను చూడగానే మాటలు ఆగాయి.

ఆమె ఎక్కువ మాట్లాడలేదు. ఫొటో మొదటివాడి చేతికిచ్చి, అందరూ చూసేదాకా ఆగింది. "గోలు మంచిదే. తప్పు జెండాది. కన్ను పొరపడిందని చెప్పుకోవచ్చు గానీ అది నిజం కాదు. నాది మిల్లు వీధి కాబట్టి అనుమానం వచ్చినా ఎత్తాను. మీ మీద కోపంతో కాదు, నా పేరు మీద ప్రేమతో. పొడుగు సరైన చోటే ఉన్నాడు. ఇది చెప్పడానికే వచ్చాను."

"మా కప్పు పోయింది కదా" అన్నాడు కీపర్.

"పోయింది. తెచ్చివ్వలేను."

"మరి ఇప్పుడెందుకీ మాటలు?" అని అతను బూట్లు సంచిలో కుక్కుకుని, ఆమె పక్కనుంచే బయటికి వెళ్లిపోయాడు. అతను ఇప్పటికీ ఆమెతో మాట్లాడడు. వాళ్లావిడా మాట్లాడదు.

ఫొటో చివరికి కోచ్ పెద్దాయన చేతికి వచ్చింది. ఆయన కిటికీ దగ్గరికి తీసుకెళ్లి, వెలుగులో ముందుకీ వెనక్కీ జరిపి చూశాడు. ఎంతసేపు చూశాడంటే, కుర్రాళ్లు ఒకళ్ల ముఖాలొకళ్లు చూసుకున్నారు. తర్వాత ఇటు తిరిగి, పోగొట్టుకున్న గొంతుతోనే, "ఆ రోజు నేను అందరి ముందూ ఒక మాటన్నాను. అందరి ముందే వెనక్కి తీసుకుంటున్నా" అన్నాడు. పొడుగు పక్కనున్న కుర్రాడు బెంచీ మీద కాస్త జరిగాడు. పొడుగు ఆ చోట్లో కూర్చున్నాడు.

తర్వాత సంగతులు అంత హాయిగా ఏం సాగలేదు. సంఘం ఆమెకు ఒక సీజనంతా పెద్ద మ్యాచులు ఇవ్వలేదు, బడిపిల్లల ఆటలకు పంపింది. రేవు జట్టుకు కోపం వచ్చింది. గెలిచిన తమను దొంగల్ని చేసిందని వాళ్ల కెప్టెన్ డిపో దాకా వచ్చి నాలుగు మాటలు అని వెళ్లాడు. ఆమె కిటికీ తెరిచే ఉంచి అన్నీ వింది. మా వీధుల్లో కొందరు మెచ్చుకున్నారు, కొందరు ఇంకా మండిపడ్డారు. ముందే అనుమానించామని చెప్పుకునేవాళ్లు మాత్రం వీధికి పదిమంది తయారయ్యారు.

నేను ఒక రోజు రెండు గ్లాసుల టీ పట్టుకుని ఆమె గదికి వెళ్లాను. ఫైనల్ రోజు మెట్ల మీంచి ఏమని అరిచానో చెబుదామనే వెళ్లాను. నోరు పెగల్లేదు. ఆమె గ్లాసు అందుకుని, "పదకొండున్నర బస్సు నువ్వే కదా, నాలుగు నిమిషాలు లేటు" అంది. అంతటితో మా మధ్య ఆ సంగతి అయిపోయింది.

పొడుగు ఆట మానలేదు. మోకాలు సహకరించినంత వరకు ఇంకొక్క సీజను ఆడతానన్నాడు. పెద్దాయన అతన్ని చివరి అరగంటకే దింపేవాడు. శీతాకాలంలో ఒక మామూలు లీగ్ మ్యాచుకి నేనూ, జెండా అక్కా పక్కపక్కనే కూర్చుని ఉన్నాం. ఆ రోజు ఆమెకు డ్యూటీ లేదు. సన్నగా జల్లు పడుతోంది. చూసేవాళ్లు ముప్పై మంది కూడా లేరు. పొడుగు ఒక గోలు కొట్టాడు. అవతలి గీత దగ్గర ఎవరో కొత్త లైన్ రిఫరీ జెండా ఎత్తాడు.

పొడుగు తిరిగి చూశాడు. తల దించలేదు. మైదానమంతా దాటుకుని ఆ కొత్తవాడి దగ్గరికి వెళ్లి, రెండు చేతులూ ఊపుతూ పోట్లాడాడు. గచ్చు పలకలు లెక్కపెట్టిన మనిషి కదా, గడ్డి మీద బూటుతో గీత గీసి మరీ చూపించాడు. రిఫరీ పరిగెత్తుకొచ్చి పసుపు కార్డు తీశాడు. అయినా ఆపలేదు. మైదానం ఒడ్డున పెద్దాయన బెంచీ మీద కూర్చుని, వచ్చే నవ్వుని దగ్గుగా మార్చుకుంటున్నాడు.

"నిజంగా ముందున్నాడా అక్కా?" అని అడిగాను.

"అడుగున్నర" అంది ఆమె.

లేచి వెళ్లి చెబుతుందేమోనని ఒక్క క్షణం భయపడ్డాను. ఆమె గొడుగు కాస్త నా వైపు వంచి, పొడుగునే చూస్తూ కూర్చుంది.